మొదటి పంది

జూలై 6, ఆదివారం

ఈ డైరీ ఉద్దేశం: ఏమీ లేదు. ముప్పై ఏళ్లకు పైగా ఒక పంపుల కంపెనీ పరిపాలన విభాగంలో సర్క్యులర్లు రాసినవాడికి, కుర్చీ పోయినా చెయ్యి ఆగదు. ఇంట్లో సర్క్యులర్ అందుకొనే సిబ్బంది లేరు. కనుక ఇకపై నేనే జారీ చేసి, నేనే అందుకొని, నేనే దాఖలు చేసుకొంటాను.

గోప్యత: తాళం అవసరం లేదు. ఈ ఇంట్లో తెలుగు అందరూ మాట్లాడతారు, ఎవరూ చదవరు. నా భార్య సౌందరం తమిళంలో చదువుకొంది, మా అమ్మాయి మధుమిత ఇంగ్లీషులో. మదురైకి పోయి ఎం.ఏ. తెలుగు చదివిన నేరం కోయంబత్తూరు పక్కన ఈ తుడియలూరు వీధి మొత్తంలో నా ఒక్కడిదే.

విషయం: మధుమిత పెళ్లి. అమ్మాయి పంపులు గీసే ఇంజనీరు. మదురై పక్క మేలూరు దగ్గర సేద్యం చేస్తూ, మాట్టుతావణి బస్టాండు పక్కన డ్రిప్ పైపుల దుకాణం నడిపే సత్యరాజ్ అనే యువకుడు రెండేళ్ల కిందట ఆమె గీసిన ఒక పంపు మీద ఫిర్యాదు చేశాడు. ఫిర్యాదు ఇంతవరకు పరిష్కారం కాలేదు. పరిచయం మాత్రం పెళ్లి మాట దాకా వచ్చింది. వాళ్లూ మనవాళ్లే, ఇంట్లో తెలుగే. సౌందరం అభ్యంతరం ఒక్కటే: వాళ్లు ఇంకా పొలంలో ఉన్నారు, మనం పొలం దాటి వచ్చాం.

నా వైఖరి: తటస్థం.

వచ్చే ఆదివారం నా షష్టిపూర్తి. ఆ పేరు మీద వాళ్లను రమ్మంటే పిలిచినట్టూ ఉంటుంది, దేనికీ ఒప్పుకోనట్టూ ఉంటుంది. ఈ ఉదయం సౌందరం ఫోన్ చేసింది. అబ్బాయి తల్లి తిరుమలమ్మాళ్ గొంతు ఫోన్ దాటి హాల్లోకి వచ్చింది.

"పెద్ద కార్యం పెట్టుకోని ఉండారు. మేము వస్తే మీకు తొందర, ఇబ్బంది గాదా వదినె?"

"ఏం తొందర? కండిప్పా, తప్పకుండా రండి. మొదటి పంది మీకే!"

అవతలి నుంచి ఎంతో ఆదరంగా, "అట్లనా! మీరు గూడానా! చానా సంతోషం వదినె. మనసు నిండిపాయ. తప్పకుండా వస్తాము."

ఫోన్ పెట్టేసి సౌందరం, "అన్నానికి పిలిస్తే ఇంత సంతోషమా? పాపం," అంది.

మొదటి పంది అంటే విందులో తొలి వరుస. గౌరవించవలసిన వాళ్లకు కేటాయిస్తారు. ఆహ్వానం క్రమబద్ధంగా జరిగిందని నిర్ధారించడమైనది.

జూలై 13, ఆదివారం

నాకు అరవై నిండాయి. ఆ సంగతి ఎవరూ గమనించలేదు. కారణాలు కింద పేర్కొంటున్నాను.

మేలూరు వాళ్లు పొద్దున్నే దిగారు. సత్యరాజ్, వాళ్ల నాన్న పళనివేల్, తిరుమలమ్మాళ్. ఆవిడ చంకలో బిడ్డనెత్తుకొన్నట్టు ఒక జాడీ. మూతికి తెల్లగుడ్డ కట్టి ఉంది. షష్టిపూర్తికి తీసుకొన్న మండపం వాకిట్లో, సన్నాయి ఆగిన సమయం చూసినట్టుగా, దాన్ని సౌందరం చేతిలో పెట్టింది.

"మీరు మొదటి పంది మాకే అంటిరి. అంత ప్రేమగా పిలిస్తే ఉత్త చేతుల్తో వస్తామా? ఇది మా ఇంటి పంది. ఉప్పుకండం. నేనే కోసి, ఉప్పూ పసుపూ పట్టించి, మిద్దె మింద ఎండబెడితిని."

వాకిట్లో సౌందరం తరఫు బంధువర్గం, నా తరఫు బంధువర్గం, కంపెనీ నుంచి వచ్చిన ఇద్దరు మేనేజర్లు ఉన్నారు. మా పిన్ని తిలకవతి అయితే చెవికి మిషన్ పెట్టుకొని మరీ వచ్చింది. సౌందరం నవ్వింది. ఆ నవ్వు ఎలాంటిదంటే, ఆడిటర్ వచ్చిన రోజు నేను నవ్వేవాణ్ణే, అలాంటిది.

తొలి వరుసలో మేలూరు వాళ్లను కూర్చోబెట్టారు. వడ, సాంబారు, పొరియల్, అవియల్, పాయసం అన్నీ క్రమంగా వచ్చాయి. తిరుమలమ్మాళ్ ప్రతిదీ కొంచెం కొంచెం తిని, ఆకులో ఒక మూల ఖాళీగా ఉంచుకొంది. మజ్జిగ వచ్చాక ఇక ఉండబట్టలేక అడిగింది.

"వదినె, పంది ఎప్పుడు వస్తాది?"

"వచ్చేదేంది వదినె? ఇదేగదా మొదటి పంది. అందులోనే గదా కూర్చోనుండారు!"

తిరుమలమ్మాళ్ తన కింద ఉన్న చాపను చూసుకొంది. పక్కన పళనివేల్‌ను చూసింది. సత్యరాజ్ అరటాకు మీదికి వంగిపోయాడు, భుజాలు కదులుతున్నాయి. వడ్డిస్తున్న మధుమిత పైకప్పు వైపు చూస్తూ నిలబడింది.

ఇక్కడ అర్హత గల ఏకైక అధికారిగా నేను జోక్యం చేసుకొన్నాను. పంక్తి అన్న మాట తెలుగులో బంతి అయిందనీ, తమిళంలో పంది అయిందనీ, మా కోయంబత్తూరు ఇళ్లలో తమిళ మాటే తెలుగులోకి చొరబడిందనీ వివరించాను. ఎవరూ వినలేదు. తిరుమలమ్మాళ్ మాత్రం ఎడమ చేత్తో నెత్తి కొట్టుకొని, మండపం దద్దరిల్లేలా నవ్వింది.

"తమిళంలో చెప్పుంటే నేనూ అదే అనుకొందును గదన్నా! తెలుగులో మాట్లాడితిరి. తెలుగులో పంది పందే గదా!"

అందరూ నవ్వారు. సౌందరం తప్ప.

వెళ్లేటప్పుడు ఆవిడ సౌందరం చెయ్యి పట్టుకొంది. నవ్వు లేదిప్పుడు. "తప్పు నాదే వదినె. ఇచ్చింది ఇస్తిని. మా తట్టు ఒక వాడుక ఉండాది. మగబిడ్డ ఇంటి నుంచి ఉప్పుది ఏదన్నా ఇస్తాము. మీకు ఇష్టమైతే తిని, జాడీలో మీదేదన్నా పోసి పంపాల. ఇష్టం లేదంటే వట్టి జాడీ వస్తాది. మేము ఏమీ అడగము, కోపం పెట్టుకోము. ఆడి నెల పోయి ఆవణి నెల పుట్టినాక పంపండి."

సంబంధం తేలేది ఆ జాడీతోనని అందరికీ అర్థమైంది. మధుమిత ఎంగిలి ఆకులు ఎత్తడానికి వెళ్లిపోయింది. దానికి మనుషులను పెట్టుకొన్నాం.

జూలై 14

జాడీ చెప్పుల స్టాండు పక్కన ఉంది. సౌందరం మాట్లాడలేదు. మధుమిత మాట్లాడలేదు. తిలకవతి పిన్ని మాత్రం నాలుగుసార్లు ఫోన్ చేసింది.

జూలై 17, గురువారం

తమిళుల ఆడి మాసం ప్రారంభం. ఈ నెలంతా శుభకార్యాల మాట ఎత్తరాదు. నాకు ఈ మాసం ఎప్పుడూ ఇష్టమే. నిర్ణయాలు వాయిదా వేయడానికి పంచాంగం ఇచ్చిన అధికారిక అనుమతి అది.

సౌందరం ఈ ఉదయం ఆదేశించింది. "జాడీలోది కుక్కలకు వేసేయండి. కడిగి పెట్టండి. ఆవణి పుట్టగానే పార్సిల్ సర్వీసులో పంపేద్దాం."

"వట్టిదా?"

"ఇంకేం పోస్తారు? నలుగురి మధ్య నా చేతిలో పంది పెట్టింది. అదేగదా నా మర్యాద."

మా ఇంట్లో ఒక ఉత్తర్వు అమలులో ఉంది. మా నైనా పొన్నుసామి పొలం అమ్మి ఫౌండ్రీ పెట్టిన ఏడాది మా అమ్మ సుందరవల్లి జారీ చేసింది: ఇంట్లో పందికూర వండకూడదు. కారణం పేర్కొనలేదు. కారణం పేర్కొనని ఉత్తర్వులే ఎక్కువ కాలం నిలుస్తాయి. అమ్మ పోయి తొమ్మిదేళ్లయినా సౌందరం దాన్ని ఒక్క అక్షరం మార్చకుండా అమలు చేస్తోంది.

జాడీ తీసుకొని వీధి చివరికి వెళ్లాను. నిబంధన ప్రకారం పారవేసే ముందు సరుకు పరిశీలించాలి. గుడ్డ విప్పాను.

ముక్కలు వేలెడంత పొడుగున ఉన్నాయి. ఎండకు ముదిరి, పాత తోలుబెల్టు రంగుకు తిరిగాయి. అంచున కొవ్వు మాత్రం తేనెమైనంలా మెరుస్తోంది. ముందు పసుపు వాసన వచ్చింది, తరువాత వెల్లుల్లి. దాని వెనక మరొకటి వచ్చింది. దానికి పేరు రాయలేను. పెరట్లో మూడు ఇటుకలు, మసిబారిన చట్టి, పొగకు కళ్లు తుడుచుకొంటున్న అమ్మ, పక్కన ఖాళీ గిన్నెతో నేను. ఉత్తర్వు జారీ కాక ముందటి సంగతి.

వీధిలో కుక్కలు హాజరయ్యాయి. వాటి అర్హత మీద నాకు సందేహం కలిగింది. జాడీతో తిరిగి వచ్చి, మిద్దె మీద నీళ్ల ట్యాంకు వెనక భద్రపరిచాను. తాత్కాలికంగా.

జూలై 20, ఆదివారం

మధుమిత మిద్దె మీదికి వచ్చింది. బట్టలు తీయడానికి అంది. తీగ మీద బట్టలు లేవు.

"నైనా, నువ్వేమంటావు?"

"దేని గురించి?"

"సుమ్మా ఉండు, ఊరుకో నైనా. దేని గురించో తెలీదా నీకు?"

"మీ అమ్మ అభిప్రాయం..."

"అమ్మను అడగలేదు. నిన్ను అడుగుతుండాను."

అన్ని పక్షాల వాదనలూ పరిగణనలోకి తీసుకొని, సరైన సమయంలో సరైన నిర్ణయం వెలువడుతుందని చెప్పాను. ఆమె ట్యాంకుకు ఆనుకొని కూర్చొంది. జాడీ ఆమె వీపుకు జానెడు దూరంలో ఉంది.

"కంపెనీ వదిలినావు గానీ కంపెనీ నిన్ను వదల్లేదు నైనా," అంది. కాసేపటి తరువాత మెల్లగా, "అమ్మ తన నోటితో సరే అంటేనే నేను పోతాను. దొంగగా పోను. అట్లని ఇంకొకరిని చేసుకొమ్మంటే చేసుకోను. అమ్మతో పోట్లాడను గూడా. ఇట్లనే ఉంటాను. దినమూ ఆఫీసుకు పోతాను, వస్తాను, తింటాను."

ఇది బెదిరింపు అయితే నాకు భయం ఉండేది కాదు. ఆమె నిజంగానే అలా చేయగలదు.

వంటింట్లో మరొక సమస్య. షష్టిపూర్తి వడల కోసం కొన్న బఠాణీ పప్పులో ఒక సంచి మిగిలిపోయింది. పురుగు పట్టకముందే వాడాలని సౌందరం రెండు రోజులుగా గోడతో చెబుతోంది. మేం మాట్లాడుకోవడం లేదు కాబట్టి గోడ మధ్యవర్తి.

జూలై 24, గురువారం

మిద్దె మీద ఉప్పు పట్టించిన పంది మాంసం. కింద బద్ద బఠాణీ పప్పు. రెండు నిల్వలూ నిరుపయోగంగా ఉన్నాయి. ఈ రెండు పేర్లూ ఫోన్‌లో వేసి చూడగా, చలి దేశాల వాళ్లు తరతరాలుగా వీటిని కలిపి ఒక చిక్కటి సూప్ కాచుకొంటున్నారని తెలిసింది. అందులో చెంచా నిలబెడితే పడకుండా నిలబడాలట. అదే ప్రమాణం.

న్యాయ పరిశీలన: అమ్మ ఉత్తర్వులో ఉన్న పదం 'కూర'. సూప్ కూర కాదు. ఉత్తర్వులో 'ఇంట్లో' అని ఉంది. మిద్దె మీదికి ఇంటి బయట మెట్ల గుండా వెళ్లాలి. కరెంటు పొయ్యి, కొత్త అల్యూమినియం గిన్నె, గరిటె నా సొంత ఖర్చుతో కొన్నాను. ఉల్లంఘన లేదు.

మిద్దె మీద వాకింగ్ అని గోడకు చెప్పి వెళ్లాను. పప్పు, చిన్న ఉల్లిపాయలు, కండం ముక్కలు, నీళ్లు. పొంగింది. నురగ తీశాను. గంటన్నర ఉడికింది. పప్పు ఉడకలేదు, నీళ్లు మాత్రం సముద్రమయ్యాయి.

ఉప్పు చూశాను. రుచి చూడలేదు, ఉప్పు చూడటం వంటవాడి విధి, రుచి చూడటం భోక్త హక్కు. రెండూ వేరు.

కింది నుంచి సౌందరం కేక వేసింది. "ఏమండీ! పైన ఏంది వాసన?"

"పక్కింటి వాళ్లు!"

పక్కింటి వాళ్లు ఉల్లిపాయ కూడా తినరు.

జూలై 25

రోజంతా నీళ్లు తాగుతున్నాను. కారణం ఎండ.

జూలై 27, ఆదివారం

రెండో ప్రయత్నం. ముక్కలు రాత్రంతా నీళ్లలో ఊరబెట్టాను. అయినా ఉప్పే. పప్పు ఇప్పటికీ పలుకు విడవలేదు. ఉప్పు చూశాను. మళ్లీ చూశాను.

సౌందరం దుప్పట్లు ఆరేయడానికి పైకి వచ్చింది. గిన్నె దాచడానికి సమయం లేకపోయింది. నేను గిన్నెకూ ఆమెకూ మధ్య నిలబడి ఆకాశం చూశాను. ఆమె గిన్నె వైపు చూడలేదు. దుప్పటి దులిపి, తీగ మీద పరిచి, నాలుగు మూలలూ సరిచేసి, క్లిప్పులు పెట్టి, నాకు వీపు తిప్పి ఉండగానే దుప్పటితో చెప్పింది.

"ఉప్పుకండాన్ని బియ్యం కడిగిన నీళ్లలో నానబెట్టాల. ఒగ తూరి గాదు, రెండు తూర్లు. ఉప్పు ఉండే నీళ్లలో పప్పు ఉడకదు. పప్పు మొదట ఉడకాల. తర్వాతే కండం."

బకెట్ తీసుకొని దిగిపోయింది.

ఈ సమాచారం ఆమెకు ఎక్కడిదో తెలియదు. తటస్థంగా ఉన్నవాడు ప్రశ్నలు అడగరాదు.

జూలై 31, గురువారం

బియ్యం కడిగిన నీళ్లు వంటింటి గట్టు మీద ఒక చెంబులో మూతపెట్టి ఉన్నాయి. మామూలుగా కరివేపాకు కుండీలో పోస్తారు. ఎవరు పెట్టారని విచారించలేదు. పైకి తీసుకుపోయాను.

ముక్కలు రెండు మార్లు నానాక బిగువు వదిలాయి. అన్నం వార్చినప్పటి వాసన ఒకటి వాటికి పట్టింది. విడిగా మరో గిన్నెలో పప్పు. మొదట ఒక పొంగు, పైకి తేలిన నురగ తీయడం, తరువాత సన్న సెగ. బద్దలు బద్దలుగా ఉన్నది అంచులు కరిగి, మెత్తబడి, ఎప్పుడు పప్పు కావడం మానేసిందో చెప్పలేని స్థితికి వచ్చింది. అప్పుడు ఉల్లిపాయలు, దంచిన వెల్లుల్లి, ఒక క్యారెట్, కండం. నిదానంగా గరిటె బరువెక్కింది. కొవ్వు కరిగి పైన బంగారు చుక్కలు చుక్కలుగా తేలింది. చివర మిరియాలు.

చెంచా పెట్టాను. నిలబడింది. ఈ మొత్తం వ్యవహారంలో ఇంతవరకు నిలబడినది అదొక్కటే.

ఉప్పు చూశాను. రెండు గిన్నెల నిండా ఉప్పు చూశాను. అడుగున అంటినది కూడా గోకి ఉప్పు చూశాను.

తరువాత గిన్నెలు కడిగి బోర్లించాను. పెరట్లోని చట్టి ఏమైందో గుర్తు రాలేదు. ప్రహరీ గోడ లేచిన నెలలో ఇటుకలు గోడలోకి పోయాయి. అది మాత్రం గుర్తుంది.

ఆగస్టు 3, ఆదివారం

ఆడి పద్దెనిమిది, కొత్తనీటి పండుగ. సౌందరం చిత్రాన్నాలు చేసింది. నాకు వడ్డించి, ఎదురుగా కూర్చొంది. మూడు వారాలలో ఇది మొదటిసారి.

"బాగుండెనా, మీ పక్కింటోళ్ల వంట?"

నింపాదిగా నమిలాను.

"పెండ్లైన మొదటి ఆడికి నేను పుట్టింటికి పోయుంటిని, గుర్తుండాదా?" అంది. "వచ్చేటప్పుడు మా అమ్మ అంజలమ్మ ఒగ జాడీ ఇచ్చింది. ఇట్లాందే. ఉప్పుకండం. అల్లుడికి ఇష్టమేమోనని."

"అట్లనా?"

"మీ అమ్మ దాన్ని కుక్కలకు వేసి, కడిగి, మా ఊరు పోయే బస్సు కండక్టర్ చేతికి వట్టిదిగా ఇచ్చి పంపింది. మా అమ్మ ఏమీ అడగలేదు. మధు పుట్టే దాకా ఈ వాకిలి తొక్కలేదు."

ఆ సంవత్సరం కంపెనీలో కొత్త హాజరు విధానం ప్రవేశపెట్టారనీ, నాకు ఊపిరి సలిపేది కాదనీ చెప్పాను.

"ఇంట్లోనే ఉంటిరి," అంది సౌందరం. కోపంగా కాదు, సమయం చెప్పినట్టు. "ఆ కుర్చీలో. పేపర్ చదువుతా ఉంటిరి."

నిమ్మకాయ అన్నం పొలమారింది. నీళ్లు ఆమే అందించింది.

"అలాంటప్పుడు నువ్వే ఇప్పుడు వట్టి జాడీ పంపిస్తానంటావేం?" అని అడిగాను. ఇది ఈ నెలలో నేను వేసిన మొదటి అసలు ప్రశ్న.

సౌందరం నీళ్ల చెంబు పక్కన పెట్టింది. "ఆ దినం నుంచి నేను మీ అమ్మ మాదిరి అవాలని చూస్తిని. నాకు ఇష్టమైంది నాకు ఇష్టం లేదని చెప్పి చెప్పి, అదే నిజమయ్యేదానికి ఇరవై ఏండ్లు పట్టింది. వాళ్ల పంది తినేది నాకు కష్టం గాదు. తిన్నానంటే, ఇన్నేండ్లు ఎందుకు మానుకొంటినా అని ఒగ మాట వస్తాదే, అది కష్టం. ఎవరు చెప్తారు దానికి జవాబు? మీరా?"

ఆమె ఆకులు ఎత్తింది. నేను సహాయం చేయబోతే వద్దంది.

ఆగస్టు 4

నమోదు చేయదగిన అంశాలు లేవు. పేపర్ తెరవలేదు.

ఆగస్టు 10, ఆదివారం

మధుమిత మెట్లెక్కి వచ్చింది. ఏమీ అడగకుండా గిన్నె చాచింది. పోశాను. తిన్నది. మళ్లీ చాచింది.

"సత్య వాళ్లమ్మ చేసిందేనా?"

"అవును."

"అమ్మకు తెలుసా?"

"బియ్యం నీళ్లు ఆమె సరఫరా."

మధుమిత గిన్నెలోకి చూస్తూ నవ్వింది. నవ్వుతూనే కళ్లు తుడుచుకొంది. పొగ ఏమీ లేదు, కరెంటు పొయ్యి.

ఆగస్టు 15, శుక్రవారం

సెలవు దినం. జెండా చూసి వచ్చి పొయ్యి వెలిగించాను. ఇదే చివరిది, జాడీలో మిగిలినవి రెండు ముక్కలే.

సౌందరం పైకి వచ్చింది. చేతిలో దుప్పటి లేదు, గిన్నె ఉంది. తన సొంత గిన్నె, పుట్టింటి నుంచి తెచ్చుకొన్న ఇత్తడిది. నేను లేచి నిలబడ్డాను. ఎందుకో తెలియదు, మేనేజింగ్ డైరెక్టర్ వచ్చినప్పుడు కూడా అంత వేగంగా లేవలేదు.

నిలబడే తిన్నది. మొదటి గుక్క నోట్లోనే చాలాసేపు ఉంచుకొంది.

"సాంబారు గాదు. కూర గాదు. ఏంది ఇది?"

"సూప్."

"మిరియాలు చాలలేదు."

గిన్నె ఖాళీ అయింది. ఆమె దాన్ని కడగడానికి కిందికి తీసుకుపోలేదు. ట్యాంకు కొళాయి కిందే కడిగి, పొయ్యి పక్కన నా గిన్నె మీద బోర్లించింది. దిగిపోతూ ఒక్క మాట అడిగింది.

"ఎల్లుండి గదా ఆవణి?"

అవునన్నాను. అంతే. అభిప్రాయం వెలువడలేదు.

ఆగస్టు 17, ఆదివారం

ఆవణి ఒకటి.

పొద్దున మిద్దె ఎక్కేసరికి ట్యాంకు వెనక జాడీ లేదు. పిట్టగోడ మీద ఉంది. లోపలా బయటా శుభ్రంగా తోమి, తల కిందులుగా పెట్టి ఉంది. నీళ్లు ఇంకా కారుతున్నాయి.

ఆ జాడీ ముందు ఎంతసేపు నిలబడ్డానో రాయను. బస్సు కండక్టర్ చేతిలోని ఇంకొక జాడీని నేను చూడలేదు, పేపర్ అడ్డం ఉంది. దీన్ని చూశాను.

కిందికి వచ్చాను. సౌందరం కాఫీ కలుపుతోంది. మధుమిత బల్ల దగ్గర కూర్చొని ఉంది. ముఖంలో ఏమీ లేదు, ఇట్లనే ఉంటానని తను ముందే చెప్పినట్టు. తటస్థతను ఉపసంహరించుకొంటున్నానని ఒక వాక్యం మెట్ల మీదే తయారు చేసుకొన్నాను. నోరు తెరిస్తే అది రాలేదు.

"జాడీ వట్టిది పోదు," అన్నాను.

ఇద్దరూ తలెత్తారు. నా గొంతు నాకే పెద్దగా వినిపించింది.

"పోదు, అంతే. నువ్వు వట్టిది పంపితే నేను దోవలో దించుకొంటాను. మాట్టుతావణి దాకా నేనే ఎత్తుకొని పోతాను. ఇంట్లో ఏముంటే అది పోస్తాను. ఉప్పు పోస్తాను. మిగిలిన పప్పు పోస్తాను. ఒకసారి ఊరుకొన్నాను సౌందరం. ఇంకోసారి ఊరుకోను."

స్పూన్ గ్లాసులో తిరుగుతూనే ఉంది. తరువాత ఆగింది.

"ఏమండీ," అంది సౌందరం. "తడి జాడీలో ఎవరన్నా కండం పోస్తారా? బూజు పట్టదా? ఆరనీయండి ముందు."

మధుమిత కుర్చీలో కదిలింది. సౌందరం ఆమె వైపు చూడకుండా ఆమె ముందు కాఫీ పెట్టి, తల మీద చెయ్యి ఒక్క క్షణం ఉంచి తీసింది. "సరే," అంది. ఎవరితోనో పేర్కొనలేదు. అందవలసిన వారికి అందింది; మధుమిత కాఫీ తాగకుండానే ఏడ్చింది.

"మీరు బజారుకు పోయి పంది తీసుకు రండి. రెండు కిలోలు. కొవ్వు ఉండేది. నేనే కోసి ఎండబెడతాను. మా అమ్మ చేసినట్టు. వదినె చేసింది బాగుండాదిగానీ వెల్లుల్లి ఎక్కువ."

"ఎవరైనా అడిగితే? పక్కింటి వాళ్లకని చెప్పనా?"

"మనకేనని చెప్పండి."

ఆగస్టు 23, శనివారం

పదవీ విరమణ తరువాత నా మొదటి నియామకం: కాకుల నిఘా. మిద్దె మీద తీగకు కండం వేలాడుతోంది, వీధంతటికీ కనిపించేలా. గాలి ఎక్కువ, ఎండ తక్కువ, కాకులు తగినన్ని. చేతిలో కర్ర, నెత్తిన తువ్వాలు. పక్కింటాయన పిట్టగోడ మీదుగా తొంగి చూసి, "ఏంది సార్, కొత్త మోడల్ దుప్పట్లా?" అన్నాడు. పంది మాంసమని చెప్పాను. ఆయన తన కిటికీ మూసుకొన్నాడు. తరువాత, మెల్లగా, ఒక రెక్క తెరిచాడు.

తిలకవతి పిన్ని కూడా ఫోన్ చేసింది. పొరుగువారి ద్వారా విషయం తెలిసిందట. చాలాసేపు నన్ను తిట్టి, చివర్లో, "మీ అమ్మ చేస్తే పులుసు గట్టిగా ఉండేదిరా," అంది. అమ్మ చేసేదని నాకు తెలుసు. మరొకరికీ తెలుసునని తెలియదు.

ఆగస్టు 31, ఆదివారం

కండం ఆరింది. సౌందరం నొక్కి చూసి, విరిచి చూసి, జాడీలోకి ఒక్కొక్క ముక్కే పేర్చింది. మూతికి గుడ్డ కట్టింది. ముడి ఆమే వేసింది, మధుమితను వేయనివ్వలేదు. నేను మిగిలిన పప్పు సంచిని పక్కన పెట్టాను. చేసే విధానం వాళ్లకు నోటితో చెబుతానని ప్రతిపాదించాను. ఆమోదం లభించింది. మిరియాలు పెంచాలన్న సవరణతో.

తరువాత మేలూరుకు ఫోన్. స్పీకర్ పెట్టింది.

"వదినె, జాడీ తీసుకొని మేమే వస్తుండాము. నిశ్చితార్థం మాత్రం ఇక్కడే పెట్టుకొందాము."

అటు వైపు నుంచి ముక్కు చీదిన చప్పుడు.

"వట్టిది గాదుగదా వదినె?"

"బరువుగా ఉండాది," అంది సౌందరం. "మీ వాళ్లందరినీ పిలుచుకొని రండి. మొదటి పంది మీకే."

తిరుమలమ్మాళ్ ఊపిరి తీసుకోవడం వినిపించింది. నవ్వు ఎక్కడో దగ్గరలోనే ఉంది, ఇంకా బయటికి రాలేదు.

"ఏ పంది వదినె?"

సౌందరం జాడీ వైపు చూసింది. నా వైపు చూసింది. నేను అర్హత గల అధికారిని. అయినా ఈసారి వివరించబోలేదు.

"రెండూ," అంది.